తెరమీద రెండు క్షణాలు కనబడి పోయే పేరు: మరుగునపడ్డ సినిమా సంగీత దర్శకుడి జీవితాన్ని ఎలా కూడగట్టాలి

మా వయొలిన్ మాస్టారు సినిమాలకు సంగీతం చేశారని నాకు పదహారేళ్లు వచ్చేదాకా తెలియదు. తెనాలిలో ఆయన ఇంటి వసారాలో ఆరేళ్లు పాఠం చెప్పించుకున్నాను. ఒకరోజు సాయంత్రం పక్కింటి రేడియోలో ఒక జోలపాట మొదలైంది. మాస్టారు పాఠం ఆపి, లేచి, కిటికీ తలుపు మూసి వచ్చి కూర్చున్నారు. పాఠం అయ్యాక మాస్టారి భార్య వంటింటి గుమ్మంలో నిలబడి నాతో మెల్లగా అన్నారు: "అది ఆయన కట్టిన పాటేనమ్మా. ఆయన వినరు."

మాస్టారు 1981లో పోయారు. నేను హైస్కూల్లో లెక్కల టీచరుగా పనిచేసి 2016లో రిటైరయ్యాను. ఆ ఏడే ఈ పని మొదలుపెట్టాను. నాలుగు సినిమాలకు ఆయన సంగీత దర్శకుడు, ఇంకో ఐదింటికి సహాయకుడు. మొత్తం 23 పాటలు తేలాయి. వాటిలో ఒకటి ఇంతవరకూ చెవిన పడలేదు. ఏడేళ్లు పట్టింది. ఏది ముందు, ఏది వెనక అన్నది తెలిసి ఉంటే మూడేళ్లలో అయ్యేది. మీ ఊళ్లోనో మీ ఇంట్లోనో ఇలాంటివారు ఉంటే ఆ నాలుగేళ్లు మీకు మిగలాలని ఇది రాస్తున్నాను. మాస్టారి పేరు, సినిమాల పేర్లు ఇక్కడ చెప్పడం లేదు. వాళ్లమ్మాయి అన్ని పేజీలూ చూసి సరే అన్నాక పుస్తకంలోనే వస్తాయి. అది కూడా ఈ పనిలో ఒక పద్ధతే, దాని సంగతి తర్వాత చెబుతాను.

ముందు మనుషులు, తర్వాత కాగితాలు

నేను చేసిన పెద్ద తప్పు ఇక్కడే జరిగింది. టీచరు బుద్ధి కదా, ముందు సినిమాల జాబితా పక్కాగా తయారు చేసుకుని, ఆ తర్వాత మనుషుల్ని కలుద్దామనుకున్నాను. మాస్టారి పాటలకు తబలా వాయించిన పెద్దాయన చెన్నై సాలిగ్రామంలో ఉన్నారని తెలిసి కూడా "జాబితా అవ్వనీ" అని రెండు నెలలు ఆగాను. నేను వెళ్లేసరికి ఆయన పోయి పన్నెండు రోజులైంది. వాళ్లబ్బాయి నన్ను లోపలికి పిలిచి కాఫీ ఇచ్చి, "నాన్న మీ మాస్టారి గురించి ఎప్పుడూ చెప్పేవారండీ" అన్నాడు. ఏం చెప్పేవారు అని అడిగితే అతనికి గుర్తు లేదు.

అందుకని మొదటి వారంలోనే ఆయనతో పనిచేసినవాళ్లు ఎవరెవరు బతికున్నారో చూడండి. వాద్యకారులు, కోరస్ పాడినవాళ్లు, రికార్డింగ్ థియేటర్లో పనిచేసినవాళ్లు, నిర్మాత ఆఫీసులో లెక్కలు రాసినవాళ్లు. వయసును బట్టి వరస పెట్టి, అందరికంటే పెద్దవారి దగ్గరికి ముందు వెళ్లండి. చెన్నైలో సినీ మ్యుజీషియన్స్ యూనియన్ ఉంది. పాత సభ్యుల్లో ఎవరు ఎక్కడున్నారో అక్కడివాళ్లకు తెలుస్తుంది. ఒకరి దగ్గరికి వెళితే ఆయనే ఇంకో ఇద్దరి ఇల్లు చెబుతారు. గ్రంథాలయంలో ఉన్న పత్రిక ఇంకో ఏడాది ఆగినా అక్కడే ఉంటుంది.

"మాస్టారు ఎలాంటివారండీ?" అని మాత్రం అడగకండి. "దేవుడమ్మా" అంటారు, అక్కడితో మాట అయిపోతుంది. చేతులు చేసిన పని గురించి అడగండి. రికార్డింగుకి ఎన్నింటికి రమ్మనేవారు? వయొలిన్లు ఎన్ని? హార్మోనియం ముందు ఎవరు కూర్చునేవారు? పల్లవికీ చరణానికీ మధ్య వచ్చే బిట్ నోటితో పాడి చెప్పేవారా, స్వరం రాసిచ్చేవారా? రాస్తే ఏ లిపిలో? ఆ రోజుల్లో గాయకులూ ఆర్కెస్ట్రా అంతా ఒకేసారి వాయించి పాడేవారు, ఒకరు తప్పితే మళ్లీ మొదటినుంచే. కాబట్టి ఏ పాట ఎన్ని టేకులు తిన్నదో, ఎవరి వల్ల ఆగిందో వాద్యకారులకు బాగా గుర్తుంటుంది. మాస్టారు తప్పు వాయించినవాళ్ల వైపు చూసేవారు కాదనీ, కళ్లు మూసుకుని "మళ్లీ" అనేవారనీ నాకు ఇలా అడిగితేనే తెలిసింది. మా వసారాలో కూడా అంతే.

సంవత్సరాలు అడిగినా లాభం లేదు. ఎనభై దాటిన మనిషికి 1955కీ 1957కీ తేడా ఎలా తెలుస్తుంది? అందరూ ఎరిగిన సంఘటన పక్కన పెట్టి అడగండి. పొట్టి శ్రీరాములు గారు పోయినప్పుడు (1952 డిసెంబరు) మీరు మద్రాసులోనే ఉన్నారా? ఆంధ్ర రాష్ట్రం వచ్చాకా, ముందా (1953 అక్టోబరు)? నాకు బాగా పనికొచ్చింది అణాల లెక్క. 1957 ఏప్రిల్‌లో అణాల బదులు నయాపైసలు వచ్చాయి. ఒక వయొలిన్ విద్వాంసుడు ఫలానా రికార్డింగుకి వెళ్లిన రోజు బస్సు టికెట్టు ఎన్ని అణాలో కచ్చితంగా చెప్పారు. అంటే ఆ పాట అప్పటికి ముందుదే అయ్యుండాలి. తర్వాత పత్రికలో దొరికిన ప్రకటన కూడా ఆ మాటే చెప్పింది.

వెళ్లేటప్పుడు ఫోన్‌లో పాటలు పెట్టుకుని వెళ్లండి. మాటలతో రానిది పాటతో వస్తుంది. ఆ వయొలిన్ ఆయనకు మా జోలపాట వినిపించాను. ఆయన ఎడమచేతి వేళ్లు తొడమీద కదలడం మొదలుపెట్టాయి. రెండో చరణం ముందు చెయ్యి ఆగిపోయింది. "ఇక్కడ ఇంకో నాలుగు ఆవర్తాల బిట్ ఉండాలే. క్లారినెట్, మేము జవాబు" అన్నారు. ఆవర్తం అంటే తాళం ఒక చుట్టు. నేను వినిపించిన దాంట్లో ఆ బిట్ లేదు. వయసు వల్ల పొరపడుతున్నారేమో అనుకున్నాను. అయినా ఉన్నదున్నట్టు రాసుకున్నాను. అదెంత మంచిదైందో కింద చెబుతాను.

మాటలన్నీ రికార్డు చేయండి, ముందు అడిగి. ఇంటికి రాగానే రెండు చోట్ల దాచండి. ఆ రాత్రే కూర్చుని ఎవరు, ఎక్కడ, ఏ తేదీన చెప్పారో పైన రాసి, విన్నదంతా కాగితం మీద పెట్టండి. వారం ఆగితే మీ ఊహ వాళ్ల మాటలో కలిసిపోతుంది.

టైటిల్స్ చదవడం

సినిమా దొరికితే టైటిల్స్ దగ్గర ఆపి, ఒక్కో ఫలకం ఫోటో తీసుకోండి. "సంగీతం", "సంగీత సహాయం", "వాద్య నిర్వహణ", "నేపథ్య సంగీతం" ఒకటి కాదు. ఉన్న మాటను ఉన్నట్టే రాయండి, మీకు తోచిన మాటలోకి మార్చకండి. పేరు ఇంగ్లీషులో ఉంటే ఆ స్పెల్లింగు అలాగే. టీవీకి ఇచ్చిన కాపీల్లో, సీడీల్లో టైటిల్స్ కోసేయడం మామూలే. ఒక కాపీలో పేరు లేదని సినిమాలోనే లేదనుకోకండి. మాస్టారు సహాయకుడిగా ఉన్న ఒక సినిమాకు నాలుగు కాపీలు చూశాను. నాలుగోదానిలో ఆయన పేరు ఉంది, మరో ఆరు పేర్లతో పాటు, మూడు సెకన్లు.

సినిమా మొదట్లో వచ్చే సెన్సార్ సర్టిఫికెట్టును చాలామంది దాటేస్తారు. దానిమీద తేదీ, రీళ్లు, నిడివి ఉంటాయి. సర్టిఫికెట్టు తేదీ, విడుదల తేదీ ఒకటి కాదు. కానీ పాటలన్నీ ఆ తేదీకి ముందే అయిపోయాయన్నది ఖాయం. మీ చేతిలో ఉన్న కాపీ నిడివి సర్టిఫికెట్టులో ఉన్నదానికంటే బాగా తక్కువైతే ఎక్కడో కోత పడిందన్నమాట. కోత పడేది ఎక్కువగా పాటల దగ్గరే.

పేర్ల తికమక గురించి కొంచెం నిదానంగా చెప్పాలి. తొలినాళ్ల తెలుగు సినిమాల్లో ఒకే కాలంలో ఇద్దరు నరసింహారావులు సంగీతం చేశారు. "మాలపిల్ల" (1938), "రైతుబిడ్డ" (1939) చేసింది భీమవరపు నరసింహారావు. "పల్నాటి యుద్ధం" (1947), "బాలరాజు" (1948) చేసింది గాలి పెంచల నరసింహారావు. ఇంటిపేరు వదిలేసిన ఒక్క జాబితా చాలు, ఒకరి పని ఇంకొకరి ఖాతాలో పడిపోవడానికి. "పెద్దమనుషులు" (1954) సంగీతంలో ఓగిరాల రామచంద్రరావు, అద్దేపల్లి రామారావు ఇద్దరూ ఉన్నారు. రామచంద్రరావు, రామారావు పక్కపక్కన ఉంటే తొందరలో చదివే కన్ను ఒకే పేరు చూస్తుంది. మా మాస్టారిదీ అలాంటి పేరే. ఇంకొకరు చేసిన డబ్బింగు సినిమా ఒకటి ఏడాదిపాటు ఆయన జాబితాలో ఉంచుకుని మురిసిపోయాను. అందుకే ఏ పేరైనా ఇంటిపేరుతో, ఇనీషియల్‌తో సహా రాసుకోండి. ఇంటిపేరు కనబడని చోట "ఇంటిపేరు లేదు" అని రాయండి.

పాటల పుస్తకం, ప్లేటు

సినిమా హాళ్ల దగ్గర అమ్మిన పాటల పుస్తకాలు ఇప్పటికీ ఇళ్లలో ఉంటాయి. అమ్మమ్మల ట్రంకు పెట్టెల్లో, పెళ్లి శుభలేఖల కింద. కథ సగం చెప్పి "తక్కినది వెండితెర మీద చూడండి" అని ముగించే ఆ నాలుగు కాగితాల్లో సాంకేతిక నిపుణుల పేర్లు, పాటలన్నీ ఉంటాయి. సినిమాలో తర్వాత తీసేసిన పాట కూడా ఉండొచ్చు, ఎందుకంటే పుస్తకం ముందే అచ్చయ్యేది. మాస్టారి ఇరవై మూడో పాట నాకు అలా దొరికింది. సాహిత్యం అంతా ఉంది, వరస (బాణీ) లేదు.

గ్రామఫోన్ ప్లేటు గురించి కాస్త ఎక్కువ చెప్పాలి, ఎందుకంటే ఇక్కడ చెడగొట్టుకోవడం తేలిక. 78 ఆర్‌పీఎం ప్లేట్లు, అంటే నిమిషానికి 78 చుట్లు తిరిగేవి, మన దేశంలో 1960లలో కూడా వచ్చాయి. అవి లక్కతో చేసినవి. స్పిరిట్ పెట్టి తుడిస్తే లక్క కరిగిపోతుంది. గోరువెచ్చగా చేయని, మామూలు డిస్టిల్డ్ వాటర్‌లో ఒక్క చుక్క గిన్నెల సబ్బు వేసి, మెత్తటి గుడ్డతో గాడి వెంబడే గుండ్రంగా తుడవాలి. మధ్యలో ఉన్న కాగితం లేబుల్ తడవకూడదు. ఆరబెట్టేది నీడలో. ఒకదానిమీద ఒకటి పేర్చకుండా నిలబెట్టి దాచాలి. తర్వాత వచ్చిన, ఎక్కువ సేపు నడిచే ఎల్పీ ప్లేట్ల సూదితో వీటిని వాయించొద్దు. ఎల్పీ సూది మొన అంగుళంలో వెయ్యో వంతు కంటే తక్కువ ఉంటుంది, 78కి దాదాపు మూడింతలు కావాలి. సన్న సూది గాడి అడుగున దొర్లుతుంది, పాటకంటే గరగర ఎక్కువ వినబడుతుంది. మొదట్లో నాకు ఇది తెలియక పాటే అరిగిపోయిందనుకున్నాను.

వాయించే ముందే లేబుల్ ఫోటో తీయండి. సినిమా పేరు, గాయకులు, సంగీతం, క్యాటలాగ్ నంబరు అక్కడ ఉంటాయి. లేబుల్‌కీ గాడులకీ మధ్య ఖాళీలో సన్నగా చెక్కిన నంబరు ఇంకోటి ఉంటుంది, దాన్ని మాట్రిక్స్ నంబరు అంటారు. ప్లేటును దీపానికి ఏటవాలుగా పట్టుకుంటే కనబడుతుంది. ఒకే సినిమా పాటల మాట్రిక్స్ నంబర్లు పక్కపక్కన పెట్టి చూస్తే ఏ పాటలు ఒక విడతలో ఎక్కాయో అంచనా దొరుకుతుంది.

ఇప్పుడు ఆ నాలుగు ఆవర్తాల సంగతి. పది అంగుళాల 78 ప్లేటు ఒక వైపున పట్టేది మూడు నిమిషాల పైన కొన్ని సెకన్లే. సినిమాలో నాలుగు నిమిషాలున్న పాట ప్లేటు మీదికి కుదించి ఎక్కాలి. ఆ రోజుల్లో ప్లేటు కోసం వేరేగా పాడించడమూ ఉండేది. నేను వయొలిన్ ఆయనకు వినిపించింది ప్లేటులోంచి తీసిన పాట. రెండేళ్ల తర్వాత ఆ సినిమా పూర్తి కాపీ చూసే వీలు దొరికింది. రెండో చరణం ముందు క్లారినెట్ అడిగింది, వయొలిన్లు జవాబు చెప్పాయి, సరిగ్గా నాలుగు ఆవర్తాలు. ఆయనకు ఫోన్ చేసి వినిపించాను. ఆయన ఏమీ అనలేదు, ఇంకోసారి పెట్టమన్నారు.

కాబట్టి సినిమాలో పాట, ప్లేటు మీద పాట రెండు వేర్వేరు వస్తువులుగా రాసుకోండి. నిడివి, గొంతు, చరణాల సంఖ్య, వాద్యాలు దేనికదే.

ఈ వరస ఎవరిది?

ఈ పనిలో అన్నిటికంటే కష్టమైన ప్రశ్న ఇదే. ఇది తప్పితే మిగతాదంతా ఎంత కష్టపడినా ఉపయోగం లేదు.

అందరికీ తెలిసిన సినిమాల్లోనే చూడండి. "దేవదాసు" (1953) సంగీతం సి.ఆర్. సుబ్బురామన్ గారిది. ఆయన 1952లోనే, ముప్పై నిండకుండా పోయారు. మిగిలిన పని పూర్తి చేసింది ఆయన సహాయకులు విశ్వనాథన్, రామమూర్తి. "మాయాబజార్" (1957) అంటే ఘంటసాల గారి సంగీతం. కానీ "లాహిరి లాహిరి", "చూపులు కలసిన శుభవేళ"తో సహా నాలుగు పాటలకు వరసలు కట్టింది సాలూరి రాజేశ్వరరావు గారు. ఆయన తప్పుకున్నాక వాటికి వాద్యాలు అమర్చి రికార్డు చేయించి, తక్కినవన్నీ చేసింది ఘంటసాల గారు. "బాలరాజు"లో గాలి పెంచల వారితో పాటు ఘంటసాల గారి చెయ్యి కూడా ఉంది. ఇంత పేరున్న సినిమాల్లోనే ఒక పాటలో ఇద్దరి ముగ్గురి పని కలిసి ఉంటే, ఎవరూ పట్టించుకోని సహాయకుడి పని ఎక్కడెక్కడ కలిసిపోయి ఉంటుందో ఊహించండి.

అందుకని ప్రతి పాటకు ఒక కాగితం పెట్టి మూడు గళ్లు గీయండి. మొదటి గడిలో తెరమీద ఉన్న పేరు. రెండో గడిలో ప్లేటు మీద, పాటల పుస్తకంలో ఉన్న పేరు. మూడో గడిలో మనుషులు చెప్పిన మాట, చెప్పినవారి పేరు, తేదీతో. మూడో గడిలోది ఎంత ఇష్టమైనా మొదటి గడిలోకి తేకూడదు. మాస్టారు సహాయకుడిగా ఉన్న ఒక సినిమాలో ఒక పాట ఆయనదేనని వాళ్ల ఇంట్లో అందరూ అంటారు. నా చెవికీ అలాగే వినబడుతుంది. అయినా అది మూడో గడిలోనే ఉంది. సంగీత దర్శకుడిగా పేరు పడిన ఆయనకూ పిల్లలున్నారు, వాళ్ల ఇంట్లోనూ ఒక కథ ఉంటుంది. వాళ్లనూ అడగాలి. నేను వెళ్లి అడిగాను. వాళ్లు కోప్పడలేదు. "ఆ పాటకు మీ మాస్టారు చాలా సాయం చేశారని నాన్న అనేవారు" అన్నారు. "సాయం" అన్న ఆ మాటను అలాగే రాశాను.

ఇంకోటి, పరాయి వరసలు. ఆ రోజుల్లో నిర్మాత ఒక హిందీ ప్లేటు తెచ్చి "ఇలాంటిది కావాలి" అనడం మామూలు విషయం. మాస్టారి పాటల్లో ఒకటి అలాంటిదే. రాయాలా వద్దా అని చాలా రోజులు మథనపడి, రాశాను. దాచితే మిగతా ఇరవై రెండూ ఆయన సొంతమని ఎవరు నమ్ముతారు? వరసలు అటు వెళ్లినవీ ఉన్నాయి. మాస్టర్ వేణు గారు "రోజులు మారాయి" (1955)లో చేసిన "ఏరువాకా సాగారో" వరస తర్వాత హిందీకి వెళ్లి ఎస్.డి. బర్మన్ గారి "బొంబాయి కా బాబు" (1960)లో వినబడింది.

పాట గురించి రాసేటప్పుడు

జీవితం రాసేవాళ్లు చాలామంది సంగీతం దగ్గరికి వచ్చేసరికి "మధురమైన బాణీలు" అని ఒక్క మాటతో దాటేస్తారు. నాకు దానికంటే బాధ కలిగించే విషయం లేదు. ఆయన చేసిన పనే అది కదా. సంగీతం రానివాళ్లు కూడా రాయొచ్చు, వాచీ, పెన్సిలు చాలు. పాట మొదలైన ఎన్ని సెకన్లకు గొంతు వినబడింది? మా మాస్టారి పాటల్లో నేను విన్న ఇరవై రెండింటిలో పది సెకన్లు దాటినవి నాలుగే. ఆయన శ్రోతను ఎదురుచూడనిచ్చేవారు కాదు. గొంతు ఆగిన చోట ఏ వాద్యం అందుకుంటుంది? తాళం దెబ్బ దగ్గర మాట విరుగుతోందా? ఇది చూడటానికి సాహిత్యం రాసుకుని, దెబ్బ పడే ప్రతి అక్షరం కింద గీత పెట్టాను. మాట నడుమ ఊపిరి తీసుకోవాల్సిన చోట్లు అన్ని పాటల్లో కలిపి రెండే కనిపించాయి. మాకు పాఠంలో ఆయన పదే పదే చెప్పిన మాట "మాటను చంపి స్వరాన్ని బతికించకు" అన్నది. అది నీతి కాదనీ, ఆయన పనిచేసే తీరేననీ ఆ గీతలు పెట్టాకే అర్థమైంది.

రాగం పేరు రాసే ముందు తెలిసినవాళ్లకు వినిపించండి. జోలపాట ఆనందభైరవి అని నేను ధైర్యంగా రాసేశాను. ఒక విద్వాంసురాలు విని, పల్లవి ఆ రాగంలో నడుస్తోంది కానీ చరణంలో ఆ నడక వదిలేసి ఊళ్లల్లో పాడుకునే లాలిపాట దారి పట్టిందన్నారు. సినిమా పాటకు రాగం అచ్చంగా ఉండాలన్న నియమం లేదు. ఎక్కడ వదిలేశారన్నదే చెప్పదగ్గ విషయం. వీలైతే పల్లవి వరకైనా స్వరం రాయించి పెట్టండి. వినే సాధనం ఏది మారినా కాగితం మీది స్వరం పలుకుతుంది.

పత్రికలు, ఉత్తరాలు

విడుదల తేదీకి దినపత్రికల ప్రకటనలే ఆధారం. "ఆంధ్రపత్రిక" 1914 నుంచి దినపత్రిక. పాత తెలుగు పత్రికలు చాలావరకు ప్రెస్ అకాడమీ వాళ్లు స్కాన్ చేయించి ఆన్‌లైన్లో పెట్టారు. "రూపవాణి", "కినిమా" లాంటి సినిమా పత్రికలు, ఉగాది ప్రత్యేక సంచికలు కూడా చూడాలి. వేటపాలెం సారస్వత నికేతనం, రాజమండ్రి గౌతమీ గ్రంథాలయం, హైదరాబాదు సుందరయ్య విజ్ఞాన కేంద్రం, ఈ మూడు చోట్లా కూర్చున్న రోజులు నాకు చాలా ఇష్టమైనవి. ఏ సంచిక కావాలో నెల, సంవత్సరంతో కాగితం మీద రాసుకుని వెళ్లండి. పేజీ ఫోటో తీసినప్పుడు పత్రిక పేరు, తేదీ ఉన్న పైభాగం కూడా అందులో పడాలి, లేకపోతే ఇంటికొచ్చాక అది ఏ పత్రికో మీకే తెలియదు.

సినిమా వాళ్లలో చాలామంది రేడియోకి కూడా పనిచేశారు. ఆకాశవాణి విజయవాడ కేంద్రం 1948 డిసెంబరులో మొదలైంది. కార్యక్రమానికి పిలిచే ఒప్పంద పత్రం మీద తేదీ, సమయం, పారితోషికం అన్నీ ఉంటాయి. మాస్టారివి పదకొండు దొరికాయి, బియ్యం డబ్బా మీద మూతకింద పరిచిన కాగితాల్లో. మద్రాసునుంచి ఆయన ఎప్పుడు తిరిగొచ్చేశారో తేల్చింది అవే. అప్పటిదాకా అందరూ ఒక్కో సంవత్సరం చెప్పారు.

ఇంట్లోవాళ్లతో

ఫోటోలు, నోటు పుస్తకాలు ఇంటికి తీసుకెళ్లకండి. వాళ్ల ఎదుటే, వాళ్ల బల్లమీదే ఫోటో తీసి తిరిగి వాళ్ల చేతిలో పెట్టండి. అంతకు ముందెవరో వ్యాసం రాస్తామని మాస్టారి స్వరాల పుస్తకం పట్టుకెళ్లి మళ్లీ రాలేదు. నేను వెళ్లిన మొదటిసారి వాళ్లమ్మాయి గుమ్మం దగ్గరే నిలబెట్టి మాట్లాడింది అందుకే. నాలుగోసారి వెళ్లాక పెట్టె తెరిచింది. ఫోటో వెనక ఏముందో కూడా తీయండి, స్టూడియో ముద్ర, తేదీ అక్కడే ఉంటాయి. ఫోటోలో ఉన్నవాళ్ల పేర్లు ఆ రోజే అడిగి, ఎడమనుంచి కుడికి రాసుకోండి.

అప్పులు, తాగుడు, గొడవలు లాంటి మాటలు చాలా వినబడతాయి. ఆయన పనిని అర్థం చేసుకోవడానికి అక్కర్లేనిది ఏదీ నేను రాయలేదు.

పాటలు నెట్‌లో పెట్టే ముందు హక్కులు చూసుకోండి. మన చట్టం ప్రకారం వరస మీద హక్కు, కట్టినవారు పోయిన తర్వాతి ఏడాది నుంచి లెక్కపెట్టి 60 ఏళ్లు. మా మాస్టారు 1981లో పోయారు కాబట్టి 2041 చివరిదాకా ఉంటుంది. రికార్డింగు మీద హక్కు వేరు, అది విడుదలైన తర్వాతి ఏడాది నుంచి 60 ఏళ్లు. సాహిత్యం మీద హక్కు ఇంకోటి. నేను పాటలేవీ ఎక్కించలేదు. ఎక్కడ వినొచ్చో మాత్రం రాశాను.

చివరి చూపు

అంతా రాశాక అచ్చుకు ఇవ్వకండి. ఎడంగా, వెడల్పు మార్జిన్ వదిలి ప్రింటు తీయించి, ఒక కాపీ ఇంట్లోవాళ్లకు, ఒకటి ఆయనతో వాయించినవాళ్లలో ఒకరికి, పెన్సిలుతో సహా ఇవ్వండి. నెల గడువు చెప్పండి. తప్పు దిద్దమని అడగండి, బాగుందా అని అడగకండి.

వాళ్లమ్మాయి నా కాపీ ఇరవై రోజులకు వెనక్కి ఇచ్చింది. పద్నాలుగు చోట్ల పెన్సిలు గీతలున్నాయి. ఎక్కువ భాగం ఊళ్ల పేర్లు, బంధుత్వాలు, తేదీలు. 41వ పేజీలో నేను "అవకాశాలు తగ్గిపోవడంతో మద్రాసు వదిలి వచ్చేశారు" అని రాశాను. ఎవరూ నాకు అలా చెప్పలేదు. ఇలాంటివారి కథలన్నీ అలాగే ఉంటాయని నా చెయ్యి దానంతటది రాసేసింది. ఆ వాక్యం మీద అడ్డంగా గీత కొట్టి, మార్జిన్లో ఆమె ఇలా రాసింది: "కాదు. మా నానమ్మకు పక్షవాతం వచ్చింది. చూసుకోవడానికి నాన్న వచ్చేశారు. అప్పటికి చేతిలో రెండు సినిమాలు ఉన్నాయి."